88 మంది కొమూన: ఒక ఊరి పత్రం నింపిన అనుభవం

దేవరకొండ ప్రాంతంలోని ఒక జిల్లా పరిషత్ ఉన్నత పాఠశాలలో సాంఘిక శాస్త్రం బోధించినన్నాళ్లూ నేను ఎనిమిదో తరగతి పిల్లల చేత ఏటా ఒక పని తప్పకుండా చేయించేవాణ్ణి. దసరా సెలవుల్లో ఎవరి ఊరి గురించి వారు నాలుగు పేజీల పత్రం రాసుకుని రావాలి. ఊరి పేరు, ఆ పేరుకు అర్థం, నాలుగు దిక్కుల సరిహద్దులు, ఎత్తుపల్లాలు, నేల, నీళ్లు, దారులు, గడపలు, జనాభా, జనాభా పెరిగితే ఎందుకు పెరిగింది, తగ్గితే ఎందుకు తగ్గింది అన్న వరుసలో ఒక నమూనా తయారు చేసి నల్లబల్ల మీద రాసి ఇచ్చేవాణ్ణి. పదవీ విరమణ చేశాక, తిమిష్వారాలో ఉద్యోగం చేస్తున్న మా అబ్బాయి దగ్గర మూడు నెలలు ఉండడానికి రొమేనియా వెళ్లాను. ఇప్పుడు ఆ బడికి ప్రధానోపాధ్యాయుడిగా ఉన్న నా పాత సహోద్యోగి అక్కడికి ఫోన్ చేసి, “సార్, అక్కడి పల్లె ఒకదాని మీద అదే నమూనాలో మీరు కూడా ఒక పత్రం రాసి పంపండి, పిల్లలు తమ ఊరి పత్రం పక్కన పెట్టుకుని చూస్తారు” అని అడిగారు. ఆ నాలుగు పేజీలు పూర్తి చేయడానికి నాకు ఏడు వారాలు పట్టింది. అదెలా జరిగిందో ఇక్కడ వివరంగా రాస్తున్నాను.

ఏ ఊరు అన్నది మొదటి ప్రశ్న. తిమిష్వారా చుట్టుపక్కల మైదానంలో పెద్ద పెద్ద పల్లెలున్నాయి, బస్సులున్నాయి, వెళ్లి రావడం సులువు. అయితే 2021 జనాభా లెక్కల ప్రకారం ఆ దేశం మొత్తంలో అతి తక్కువ జనం ఉన్న కొమూన మా అబ్బాయి ఉండే చోటికి తూర్పున, పక్క జిల్లా కొండల్లోనే ఉందని అబ్బాయి ఒక రోజు భోజనాల దగ్గర చెప్పాడు. దాని పేరు బత్రిన, జిల్లా హునెద్వారా, జనాభా 88. పిల్లలకు పెద్ద ఊళ్ల సంగతి పుస్తకాల్లోనే దొరుకుతుంది, చిన్న ఊరి సంగతి ఎవరో ఒకరు వెళ్లి చూసి రాస్తే తప్ప దొరకదు అనుకుని బత్రిననే ఎంచుకున్నాను.

నమూనాలో మొదటి గడి దగ్గరే ఆగిపోయాను. కొమూన అన్న మాటకు తెలుగులో ఏం రాయాలి? రొమేనియాలో 41 జిల్లాలు, వాటితో సమానంగా రాజధాని బుకారెస్ట్ ఉన్నాయి. జిల్లా కింద పట్టణాలు కాని ప్రాంతమంతా కొమూనలే. ఇలాంటివి 2,860కి పైగా ఉన్నాయి. ఒక్కో కొమూనలో కొన్ని ఊళ్లు ఉంటాయి, వాటన్నిటికీ కలిపి ఒక మేయరు, ఒక స్థానిక మండలి, ఒక కార్యాలయం ఉంటాయి. ఇప్పుడున్న జిల్లాల, కొమూనల ఏర్పాటు 1968లో వచ్చిన చట్టంతో స్థిరపడింది. నేను మొదట ‘మండలం’ అని రాశాను. రాసిన మర్నాడే కొట్టివేశాను, ఎందుకంటే మన మండలంలో పదుల వేల మంది ఉంటారు, తహశీల్దారు ఉంటారు, అది రెవెన్యూ పాలనకు చెందిన మాట. ఆ తర్వాత ‘గ్రామ పంచాయతీ’ అని రాశాను. ఎన్నికైన మేయరు, మండలి ఉంటాయి గనుక అదే దగ్గరి మాట. మా వైపు 2018లో 500 జనాభా దాటిన తండాలను విడి పంచాయతీలుగా చేసినప్పుడు తెలంగాణలో పంచాయతీల సంఖ్య 12,751కి చేరింది. అక్కడ పెద్ద పంచాయతీని విడగొట్టి చిన్నవి చేశారు. రొమేనియా కొమూనలో చెదురుగా ఉన్న చిన్న ఊళ్లన్నీ ఒక పేరు కింద కలిసే ఉన్నాయి. ఈ తేడా పిల్లలు గమనించాలన్న ఉద్దేశంతో చివరికి ‘కొమూన’ అనే ఉంచి, పక్కన ‘కొన్ని ఊళ్లకు ఉమ్మడి పంచాయతీ’ అని వివరణ రాశాను. ఈ ఒక్క మాట కోసం నాలుగు రోజులు గడిచాయి, ఆ నాలుగు రోజులూ వృథా అయ్యాయని మాత్రం అనుకోను.

పేర్ల దగ్గరికి వచ్చేసరికి పని మరింత ఇష్టంగా సాగింది. బత్రిన కొమూనలో నాలుగు ఊళ్లున్నాయి: బత్రిన, ఫాౘ రోషియె, పియాత్ర, రకిౘావ. రొమేనియన్ లిపిలో కింద చిన్న తోక ఉన్న టి అక్షరం ఒకటి ఉంది. దాన్ని మా అబ్బాయి ‘త్స’ అని రాసిచ్చాడు. ఆ దేశస్థుడైన అతని సహోద్యోగి ఆ అక్షరాన్ని పలికినప్పుడు వింటే, అది మనం చాప, చుక్క అన్నప్పుడు పలికే దంత్య చకారమేనని నాకు తోచింది. పాత తెలుగు పుస్తకాల్లో ఆ ధ్వనికి విడిగా ‘ౘ’ అని రాసేవారు. ఇప్పుడు వాడుక తప్పిన ఆ అక్షరం ఇలా ఎక్కడో కార్పేతియన్ కొండల్లోని ఊరి పేరు రాయడానికి అక్కరకు రావడం నాకు చాలా సంతోషం కలిగించింది. జిల్లాకు వారి మాట జుదెౘ్, అందులోనూ అదే అక్షరం. బత్రిన అన్న పేరులో నడిమి అచ్చు మాత్రం మన ఇకారానికీ ఉకారానికీ మధ్య ఎక్కడో పలుకుతుంది. దానికి మన దగ్గర అక్షరం లేదు గనుక ఇకారంతో సరిపెట్టాను.

పేర్ల అర్థాలు అడిగితే భూగోళమే బయటపడింది. బత్రిన అంటే ముసలమ్మ. పియాత్ర అంటే రాయి. రకిౘావ అన్న పేరు నీటి ఒడ్డున పెరిగే, బుట్టలల్లే సన్నని కొమ్మల చెట్టు పేరు నుంచి వచ్చింది. ఫాౘ రోషియె అంటే మాటకు మాట ఎర్ర ముఖం అని వస్తుంది, అయితే కొండ ప్రాంతాల ఊరి పేర్లలో ‘ఫాౘ’ అంటే ఎండ పడే వాలు అని అర్థం. సూర్యుడు దక్షిణం వైపు వంగి నడిచే ఆ అక్షాంశాల్లో కొండకు దక్షిణం వైపు వాలు ఎండ వాలు, ఉత్తరం వైపుది నీడ వాలు. నీడ వాలుకు వారి మాట ‘దోస్’, అంటే వీపు. కొండకు ముఖం, వీపు రెండూ ఉన్నాయన్నమాట. మంచు ఏ వైపు ముందు కరుగుతుందో, గడ్డి ఏ వైపు ముందు మొలుస్తుందో తెలిసినవారు పెట్టిన పేరది.

తర్వాత పటం ముందు కూర్చున్నాను. బత్రిన ఉన్నది పొయానా రుస్క అనే కొండల్లో. కార్పేతియన్ల పశ్చిమ శాఖలో ఇదొక భాగం. ఎత్తైన శిఖరం కూడా 1,400 మీటర్లకు లోపే ఉంటుంది, అంటే మన అరకు చుట్టూ ఉన్న పెద్ద కొండలకన్నా తక్కువే. ఉత్తరాన మురెష్ నది లోయ ఉంది, ఈ ఊళ్ల మీద పడ్డ వాన చివరికి అందులోనే చేరి, తిసా మీదుగా డాన్యూబ్‌లోకి, అక్కడి నుంచి నల్ల సముద్రంలోకి పోతుంది. దక్షిణాన బిస్త్ర లోయ, తూర్పున హౘెగ్ ప్రాంతపు పల్లం ఉన్నాయి. నేను నలభై ఏళ్లుగా పిల్లలకు సమోన్నత రేఖలు, అంటే పటం మీద ఒకే ఎత్తున్న చోట్లను కలిపే గీతలు, గీయడం నేర్పించాను గనుక పటం చదవడం కష్టం కాదనుకున్నాను. ఊళ్లను వెతుక్కుంటూ అలవాటు ప్రకారం లోయల వెంట, వాగుల వెంట వేలు నడిపాను. ఒక్క ఊరూ తగలలేదు. వాగుల దగ్గర రేఖలు ఒకదాని మీద ఒకటి పడ్డట్టు దగ్గర దగ్గరగా ఉన్నాయి. అవి పైకి పోయిన కొద్దీ విడివడి, కొండ వీపు మీదికి వచ్చేసరికి బాగా ఎడమయ్యాయి, అంటే అక్కడ నేల చదును. ఇళ్ల గుర్తులన్నీ ఆ ఎడం చోట్లలో, పైన ఉన్నాయి.

మన దగ్గర ఊరు నీటి ఒడ్డున పుడుతుంది. అక్కడ ఊరు కొండ నెత్తిన ఎందుకు ఉంది? ఈ ప్రాంతాన్ని ‘పదురేని’ నేల అంటారు. పదురె అంటే అడవి, కాబట్టి పదురేని అంటే అడవి మనుషులు అని చెప్పుకోవచ్చు. ఇక్కడ వాగులు కొండను నిలువునా కోసుకుంటూ పోయాయి, లోయ అడుగున బండి తిరిగేంత చదును కూడా ఉండదు. చలికాలంలో బరువైన చలిగాలి జారి లోయ అడుగునే నిలిచిపోతుంది, ఎండ అక్కడికి ఏ మధ్యాహ్నానికో దిగుతుంది. పైన మాత్రం అతి పురాతన కాలంలో కోతకు గురై చదునైన విశాలమైన మెట్టలు 600 నుంచి 1,000 మీటర్ల ఎత్తులో మిగిలాయి. దున్నుకోవడానికి నేల, గడ్డికి బయలు, ఎండ, అన్నీ పైనే దొరుకుతాయి గనుక మనుషులు పైనే ఇళ్లు కట్టుకున్నారు. ఇది అర్థమైన సాయంత్రం నేను నా నమూనాలోని ‘ఎత్తుపల్లాలు’ అన్న గడిని ‘జనాభా’ గడికి పైన గీత గీసి కలిపాను. ఊరు ఎక్కడ పుట్టిందో చెప్పిన ఆ వాలే, ఊరు ఎందుకు ఖాళీ అయిందో కూడా చెప్పబోతున్నదని అప్పటికి నాకు తెలియదు.

జనాభా గడిలో నేను పెద్ద తప్పే చేశాను. రొమేనియా జాతీయ గణాంక సంస్థ ప్రకటించే పట్టికల్లో ముందు కొమూన మొత్తం సంఖ్య ఉంటుంది, దాని కింద ఊళ్లవారీ సంఖ్యలు వేరే పట్టికలో ఉంటాయి. కొమూన పేరు, దానికి కేంద్రమైన ఊరి పేరు ఒకటే కావడంతో నేను 88ని బత్రిన ఊరి జనాభాగా రాసి, దాని కింద మిగతా మూడు ఊళ్ల లెక్క కూడా కలిపి మొత్తం వేశాను. అంటే ముగ్గురు నలుగురున్న ఇంట్లో ఇంటిపేరును ఇంకో మనిషిగా లెక్కపెట్టినట్టయింది. రెండు రోజుల తర్వాత మొత్తం సరిపోలక వెతికితే, వారి స్థలనామాల జాబితాలో బత్రిన కొమూనకు ఒక సంకేత సంఖ్య, బత్రిన ఊరికి మరో సంకేత సంఖ్య ఉన్నాయని కనిపించింది. మండలం పేరు, మండల కేంద్రం పేరు ఒకటిగా ఉండే రాష్ట్రం నుంచి వచ్చినవాణ్ణి, ఈ పొరపాటు చేయకుండా ఉండవలసింది. వంద మంది కూడా లేని చోట ఇలాంటి పొరపాటు జరిగితే జనాభా లెక్కే తారుమారైపోతుంది.

నేను 2001లోనూ 2011లోనూ జనాభా లెక్కల ఎన్యూమరేటరుగా పని చేశాను. 2011 ఫిబ్రవరి 9 నుంచి 28 వరకు ఇల్లిల్లూ తిరిగి, 28వ తేదీ రాత్రి ఇల్లు లేనివారిని బస్టాండులోనూ గుడి అరుగుల మీదా లెక్కించి, మార్చి మొదటి వారంలో మళ్లీ ఒకసారి పాత గడపలన్నీ తొక్కి పుట్టినవారినీ పోయినవారినీ సరిచూసిన రోజులు ఇంకా కళ్ల ముందున్నాయి. అందుకే వారు ఎలా లెక్కపెట్టారన్నది తెలుసుకోకుండా 88 అన్న సంఖ్యను రాయబుద్ధి కాలేదు. 2021లో జరగవలసిన లెక్కలను మహమ్మారి కారణంగా వారు 2022లో చేశారు. లెక్కకు ఆధారంగా పెట్టుకున్న క్షణం మాత్రం 2021 డిసెంబరు 1 అర్ధరాత్రి. 2022 మార్చి 14 నుంచి ప్రజలే ఇంటర్నెట్‌లో తమ వివరాలు నింపుకునే వీలు కల్పించారు, అలా నింపిన ఉద్యోగులకు ఒక రోజు సెలవు కూడా ఇచ్చారు. మిగిలినవారి ఇళ్లకు గణకులు ట్యాబ్‌లు పట్టుకుని వెళ్లారు, ఆ పని జులై నెలాఖరుకు ముగిసింది. దేశం మొత్తం 1,90,53,815 మంది తేలారు. 1992లో వారు 2 కోట్ల 28 లక్షలు. జనాభా పెరగడం తప్ప తగ్గడం అనే మాట నా ఉద్యోగ జీవితంలో ఏ పాఠంలోనూ నేను చెప్పవలసి రాలేదు.

అక్కడ జనాభా అంటే రెండు రకాలు. ఏడాదిగా నిజంగా అక్కడ ఉంటున్నవారు, లేదా ఏడాది పాటు ఉండబోతున్నవారు నివాస జనాభా. గుర్తింపు కార్డు మీద ఆ ఊరి చిరునామా ఉన్నవారు చిరునామా జనాభా. ఇటలీలోనో స్పెయిన్‌లోనో పదేళ్లుగా పని చేస్తున్న మనిషి కార్డు మీద చిరునామా మార్చుకోకపోతే రెండో లెక్కలో ఉంటాడు, మొదటి లెక్కలో ఉండడు. 88 అన్నది మొదటి రకం. 2011లో అదే లెక్కన బత్రినలో 127 మంది ఉన్నారు. పదేళ్లలో 39 మంది తగ్గారు, అంటే నూటికి 31 మంది. పట్టికలో తేడా అని రాసేటప్పుడు 39 చిన్న సంఖ్యగానే కనిపిస్తుంది. మా బడిలో ఒక తరగతి గదిలో కూర్చునే పిల్లలు అంతమంది ఉండేవారు.

జాతి, మతం చెప్పే పట్టికల్లో ఒక విషయం చూసి నేను చాలాసేపు ఆగాను. బత్రినలో ఉన్నది ఇంచుమించు అందరూ రొమేనియన్లే, ఆర్థడాక్స్ క్రైస్తవులే. చిన్న కొమూనల వరుసల్లో అక్కడక్కడ అంకె ఉండవలసిన గడిలో ఒక నక్షత్రం గుర్తు ఉంటుంది. పట్టిక అడుగున దాని వివరణ ఉంది: అక్కడ లెక్కకు వచ్చినవారు ముగ్గురి కంటే తక్కువ కాబట్టి సంఖ్య చూపడం లేదు. ఒక ఊళ్లో ఫలానా మతంవాడు ఒక్కడే ఉన్నాడని అచ్చు వేస్తే ఆ మనిషి ఎవరో ఊరందరికీ తెలిసిపోతుంది. అందుకని అతన్ని లెక్కలో ఉంచుతూనే కప్పి ఉంచడానికి ఆ నక్షత్రం పెట్టారు. మా పత్రంలో కూడా ఎవరి ఇల్లు ఎక్కడుందో, ఎవరింట్లో ఎందరున్నారో చెప్పే వివరం ఏదీ రాయకూడదని ఆ గుర్తు చూశాకే నిర్ణయించుకున్నాను. పెద్ద ఊరి గురించి రాసేటప్పుడు ఈ ఆలోచన నాకెన్నడూ రాలేదు.

‘తగ్గితే ఎందుకు తగ్గింది’ అన్న గడికి జవాబు మా అబ్బాయి సహోద్యోగి ఇంట్లోనే దొరికింది. అతను హునెద్వారా పట్టణంలో పుట్టి పెరిగినవాడు, అతని తాతగారిది మాత్రం ఈ పదురేని కొండల్లోని ఊరే. ఈ కొండల్లో రోమన్ల కాలం నుంచీ ఇనుప ఖనిజం తవ్వుతున్నారు. ఘెలారి గనులు, 19వ శతాబ్దం మొదట్లో కట్టిన గొవాజ్దియ కొలిమి, 1884లో మొదలైన హునెద్వారా ఉక్కు కర్మాగారం, ఇవన్నీ ఆ తవ్వకం మీద నిలబడ్డవే. పాతకాలంలో కొలిమికి బొగ్గు కావాలి, బొగ్గుకు అడవి కావాలి, అడవిలో మనుషులు కావాలి, అందుకే కొండ మీద ఊళ్లు బతికాయి. కమ్యూనిస్టు పాలనలో కర్మాగారం ఎన్నో రెట్లు పెరిగింది. 1930లో 5,000 మంది కూడా లేని హునెద్వారా పట్టణంలో 1992 నాటికి 81,000 మందికి పైగా చేరారు. వారిలో చాలామంది చుట్టుపక్కల కొండల నుంచి దిగివచ్చినవారే. అతని తాతగారు కూడా అలా దిగి, కర్మాగారం కట్టించిన అపార్టుమెంట్లలో రెండు గదుల ఇల్లు తీసుకున్నారట. గడ్డి కోసే రోజుల్లో మాత్రం ప్రతి శనివారం కొడవలి సంచీలో చుట్టుకుని పైకి వెళ్లి ఆదివారం రాత్రికి తిరిగి వచ్చేవారట. 1989లో ఆ పాలన కూలిన తర్వాత కర్మాగారం కుంగిపోయింది, గనులు మూతపడ్డాయి. దిగివచ్చినవారు తిరిగి పైకి ఎక్కలేదు, పడమటి దేశాలకు వెళ్లిపోయారు. 2021లో హునెద్వారా పట్టణ జనాభా 50,000 చిల్లరకు పడిపోయింది. చదును భూముల్లోలాగా సమష్టి వ్యవసాయం ఈ వాలుల్లో సాధ్యం కాదు గనుక ఇక్కడి గడ్డి భూములు చాలా మటుకు సొంతదార్ల చేతిలోనే ఉండిపోయాయి. భూమి పోయినందువల్ల ఈ ఊళ్లు ఖాళీ కాలేదు. భూమి ఉంది, దాన్ని వదిలి వాలు దిగితే నెల జీతం ఉంది, అందుకు దిగారు.

ఇంత రాశాక ఊరు చూడకుండా పత్రం పంపడం న్యాయం కాదనిపించింది. సెప్టెంబరు చివరి శనివారం తెల్లవారుజామున నేను, మా అబ్బాయి, అతని సహోద్యోగి ముగ్గురం కారులో బయలుదేరాము. తిమిష్వారా నుంచి దేవా పట్టణం వైపు పెద్ద రోడ్డు, ఆ తర్వాత కొండదారి. పైకి ఎక్కుతున్నంతసేపూ రెండు వైపులా బీచ్ అనే జాతి చెట్ల అడవి తప్ప ఇంకేమీ కనపడలేదు, మలుపు మలుపుకీ చలి పెరిగింది. అకస్మాత్తుగా చెట్లు పక్కకు తప్పుకుని ఆకాశం విప్పుకుంది. పటంలో రేఖలు విడివడిన చోటు అదేనని నాకు వెంటనే తెలిసింది.

అక్కడ నేను మొదట చూసింది గడ్డివాములు. మన వాముల్లా ఇల్లంత పొడవున పరిచినవి కావు. నేలలో నిలువుగా పాతిన రెండు నిలువుల కర్ర చుట్టూ వేసినవి. దగ్గరికి వెళ్లి చూస్తే, అడుగున తేమ తగలకుండా ముందు కొమ్మలు పరిచారు. దాని మీద గడ్డిని పొర మీద పొరగా వేసి, ఒకరు పైన నిలబడి కర్ర చుట్టూ తిరుగుతూ తొక్కుతారట. పూర్తయ్యాక చెక్క దంతితో పై నుంచి కిందికి, తల దువ్వినట్టు దువ్వుతారు. వాన పడితే నీరు ఆ దువ్విన గీతల వెంట జారిపోవాలి తప్ప లోపలికి దిగకూడదు. నేను చేయి పెట్టి చూశాను. పైన మంచుతో తడిగా ఉంది, వేలెడు లోపల పొడిగా, కాస్త వెచ్చగా ఉంది. ఆ బయలు చివర ఇంకో మూడు కర్రలు గడ్డి లేకుండా ఉత్తగా నిలబడి ఉన్నాయి. ఒకప్పుడు అక్కడ కూడా వాములు వేసేవారని మా వెంట వచ్చిన అతను చెప్పాడు.

ఒక ఇంటి ముందు ఒక పెద్దావిడ ఆలుగడ్డలు ఏరి బస్తాకెత్తుతున్నారు. మా వెంట ఉన్నతను ఆమెకు “సరుత్ మిన” అని నమస్కరించాడు. ‘మీ చేతిని ముద్దాడుతున్నాను’ అని దాని అర్థం, పెద్ద వయసు స్త్రీలకు అలా చెప్పడం అక్కడి మర్యాద. మన ‘దండం తల్లీ’ అన్న మాటకు సరిగ్గా సమానం. నేను ఎవరినో, ఎందుకు వచ్చానో అతను చెప్పాక, ఆమె మమ్మల్ని బల్ల మీద కూర్చోబెట్టి రేగుపళ్లంత నల్లని పళ్లు ఒక గిన్నెలో పెట్టారు, అవి వారి చెట్టు ప్లమ్ పళ్లు. నేనూ లెక్కలు రాసినవాణ్ణేనని తెలిసి, ఆ లెక్కలప్పుడు పలకలాంటిది చేత్తో పట్టుకుని ఒక అమ్మాయి వచ్చిందని, ఇంట్లో ఎన్ని గదులు, నీళ్లు ఎక్కడి నుంచి, పొయ్యి దేనితో అని అడిగిందని చెప్పారు. అవే ప్రశ్నలు, దాదాపు అదే వరుసలో, నేను తండాల్లో ఎన్ని వందల గడపల ముందు అడిగానో గుర్తొచ్చింది.

ఈ వరుసలో ఎన్ని ఇళ్లలో మనుషులున్నారు అని అడిగించాను. ఆమె ఇళ్ల వైపు చూడలేదు, కప్పుల పైకి చూశారు. వేలితో ఒక్కొక్క పొగగొట్టాన్నీ చూపిస్తూ పోయారు: అది పొగ వస్తుంది, అది రాదు, అది ఆగస్టులో మాత్రమే వస్తుంది, అది రెండేళ్లుగా రాదు. తిరుగు దారిలో అతను చెప్పాడు, పాతకాలంలో మోల్దవియా, వలాకియా సంస్థానాల్లో ఇంటి పన్నును ‘ఫుమరిత్’ అనేవారని, ‘ఫుమ్’ అంటే పొగ అని, ఒక పొగ అంటే ఒక ఇల్లు అని. మనం వంద గడప ఊరు అంటాం. వాళ్లు పొగలు లెక్కపెట్టారు. గడప ఇంట్లో ఎవరూ లేకపోయినా ఉంటుంది, పొగ ఉండదు. పట్టికలో నేను చదివిన చిరునామా జనాభాకూ నివాస జనాభాకూ ఉన్న తేడాను ఆమె రెండు నిమిషాల్లో వేలి కొసతో చూపించారు. ఆగస్టులో మాత్రమే పొగ వచ్చే ఇల్లు, కార్డు మీద చిరునామా ఉండి విదేశంలో బతుకుతున్న మనిషి ఇల్లు.

వచ్చిన రాత్రే నేను ‘గడపలు’ అన్న గడి పక్కన బ్రాకెట్లో ‘పొగలు’ అని చేర్చాను. ఎన్ని అన్న సంఖ్య మాత్రం రాయలేదు. నక్షత్రం చూసి చేసుకున్న నిర్ణయం ఇక్కడా పాటించాను.

పాలన గురించి ఒక్క పేరా రాశాను. అక్కడి చట్టం ప్రకారం 1,500 వరకు జనాభా ఉన్న ఏ కొమూనకైనా మండలి సభ్యులు తొమ్మిదిమంది. 1,400 మంది ఉన్న చోటా తొమ్మిదిమందే, 88 మంది ఉన్న చోటా తొమ్మిదిమందే. ఇవాళ కొత్తగా కొమూన ఏర్పాటు చేయాలంటే కనీసం 1,500 మంది ఉండాలి కాబట్టి, బత్రిన లాంటివి కొత్తగా పుట్టే అవకాశం లేదు, ఉన్నవి నిలబడాలంతే. చిన్న కొమూనలను పక్కవాటిలో కలిపేయాలన్న వాదన ఆ దేశంలో తరచుగా వినిపిస్తూ ఉంటుంది. ఖర్చు లెక్క చూస్తే ఆ వాదనలో బలం లేకపోలేదు. కాని ఆ కొండదారి ఎక్కి దిగిన తర్వాత నేను ఆ వాదన వైపు ఉండలేకపోతున్నాను. ఆలుగడ్డల బస్తా పక్కన కూర్చున్న ఆ పెద్దావిడ ఒక ధ్రువపత్రం కోసం లోయ దిగి, ఇంకో కొండ ఎక్కి వేరే కొమూన కార్యాలయానికి వెళ్లవలసి వస్తే, పటం మీద రెండు వేళ్ల దూరం ఆమెకు ఒక రోజు పని అవుతుంది. చలికాలంలో మంచు పడ్డాక ఆ రోజు కూడా చాలదు.

పత్రం నాలుగు పేజీలకు కుదించడానికి చివరి వారమంతా పట్టింది. చేత్తో రాసి, పటం గీసి, ఎండ వాలును పసుపు రంగుతోనూ నీడ వాలును నీలం రంగుతోనూ నింపి, ఫొటో తీసి బడికి పంపించాను. మర్నాడు ఉదయం ప్రధానోపాధ్యాయుడు ఫోన్ చేశారు. పత్రం చాలా బాగుందని, పిల్లల చేత చదివించానని చెప్పి, కాస్త ఆగి, “సార్, జనాభా దగ్గర 88 అని ఉంది, పక్కన వేలని రాయడం మరిచిపోయారా? పిల్లలు అడుగుతున్నారు” అన్నారు. ఏమీ మరవలేదని, అది 88 మనుషుల లెక్కేనని చెప్పాను. ఆయన ఫోన్ పక్కకు పెట్టి తరగతికి ఆ మాట చెప్పడం నాకు వినిపించింది. కొంతసేపు ఎవరూ మాట్లాడలేదు. తర్వాత వెనక బెంచీల్లోంచి ఒక పిల్ల గొంతు, “అయితే వాళ్ల పేర్లన్నీ ఒకరికొకరికి తెలుసా సార్?” అని అడిగింది.